పసిబిడ్డ ఆకుపచ్చగా వాంతి చేసుకుంటే.. పైత్యం అనుకుని ఆగొద్దు! పేగులో అడ్డంకిని గుర్తించడం ఎలా? చికిత్స ఏంటి?

పుట్టిన పిల్లలు పాలు కక్కడం ఏ ఇంట్లోనైనా కనిపించేదే. పాలు కాస్త ఎక్కువైనా, తేన్పు రాకముందే పడుకోబెట్టినా నోటి పక్క నుంచి కొంచెం కారిపోతాయి. దానికి ఎవరూ కంగారు పడరు, పడాల్సిన పని కూడా లేదు. కానీ కక్కింది తెల్లగా కాకుండా ఆకుపచ్చగా ఉంటే మాత్రం విషయం వేరు. నెలలోపు బిడ్డకు ఆకుపచ్చ వాంతి అయితే, కాదని తేలేవరకు దాన్ని పేగులో అడ్డంకిగానే భావించాలన్నది పిల్లల సర్జన్లు పాటించే నియమం. కొన్ని రకాల అడ్డంకుల్లో బిడ్డను కాపాడుకోవడానికి ఉండేది రోజులు కాదు.. గంటలే!

ఆకుపచ్చ రంగు ఏం చెబుతుంది?

కాలేయంలో తయారయ్యే పసరు ఒక సన్నని గొట్టం ద్వారా చిన్నపేగు మొదటి భాగంలోకి వస్తుంది. అక్కడి నుంచి పాలతో కలిసి కిందికి వెళ్లిపోవాలి. ఆ చోటు దాటాక ఎక్కడో పేగు మూసుకుపోయి ఉంటే పసరు ముందుకు పోలేదు. వెనక్కి తన్ని పొట్టలోకి, అక్కడి నుంచి నోట్లోకి వస్తుంది. అందుకే వాంతి ఆకు పసరులా కనిపిస్తుంది.

ఇక్కడే మన మాటతో ఒక చిక్కు ఉంది. 'బిడ్డ పచ్చగా కక్కింది' అని ఫోన్‌లో చెబితే అవతలివాళ్లకు అది పసుపు పచ్చో, ఆకుపచ్చో తెలియదు. మొదటి రెండు మూడు రోజుల్లో ముర్రుపాలు తాగిన బిడ్డ కక్కితే అది లేత పసుపు రంగులో ఉండొచ్చు, అది మామూలే. ముదురు పసుపు, ఆకుపచ్చ అయితే ప్రమాద సంకేతం. కాబట్టి ఆశా కార్యకర్తకు, నర్సుకు, డాక్టర్‌కు చెప్పేటప్పుడు 'ఆకు రంగు' అని స్పష్టంగా చెప్పాలి. వాంతి తుడిచిన గుడ్డను ఉతికేయకుండా కవర్‌లో పెట్టి చూపించాలి, ఫోన్‌లో ఫొటో కూడా తీసుకోవాలి. డాక్టర్‌కు పనికొచ్చే మొదటి ఆధారం అదే.

ఆకుపచ్చ వాంతి అయిన ప్రతి బిడ్డకూ ఆపరేషన్ అవసరం రాదు. రక్తంలో ఇన్ఫెక్షన్ ఉన్నా, నెలలు నిండకుండా పుట్టిన బిడ్డ పేగులు ఇంకా సరిగా పనిచేయకపోయినా ఇలా జరగొచ్చు. కానీ అది ఏదన్నది తేల్చాల్సింది ఇంట్లో కాదు, ఆస్పత్రిలోనే.

ఎందుకింత తొందర?

అన్ని అడ్డంకుల్లోకి అత్యంత ప్రమాదకరమైనది పేగు మెలిక పడటం. డాక్టర్లు దీన్ని వాల్వ్యులస్ అంటారు. తల్లి కడుపులో బిడ్డ పెరిగేటప్పుడు పేగులు ఒక క్రమంలో తిరిగి, పొట్టలో తమ తమ చోట్ల స్థిరపడాలి. ఆ తిరగడం సగంలో ఆగిపోతే పేగుల మొత్తం గుత్తి ఒక సన్నని కాడకు వేలాడుతున్నట్టు ఉండిపోతుంది. ఏదో ఒక సమయంలో ఆ గుత్తి తన చుట్టూ తానే తిరిగితే, కాడలో నుంచి వెళ్లే ప్రధాన రక్తనాళం నలిగిపోతుంది. దాంతో చిన్నపేగులో దాదాపు మొత్తానికి రక్తం ఆగిపోతుంది.

నెలలు నిండిన బిడ్డకు చిన్నపేగు సుమారు 2 నుంచి 2.5 మీటర్లు ఉంటుంది. రక్తం అందకపోతే కొన్ని గంటల్లోనే అది నల్లబడి చచ్చుపడుతుంది. సకాలంలో మెలిక విప్పితే పేగు మళ్లీ గులాబీ రంగులోకి వస్తుంది, బిడ్డ మామూలుగా పెరుగుతుంది. ఆలస్యమైతే పేగును కోసి తీసేయాల్సి వస్తుంది. మరీ ఎక్కువ భాగం పోతే పాలు తాగినా ఒంటికి పట్టే దారే ఉండదు.

ఇందులో తల్లిదండ్రులను మోసం చేసే విషయం ఒకటుంది. మెలిక పడిన మొదటి గంటల్లో బిడ్డ పొట్ట మెత్తగా, మామూలుగానే ఉండొచ్చు. అంతకుముందు రోజు విరేచనం కూడా బాగానే అయ్యి ఉండొచ్చు. రెండు మూడు రోజులో, రెండు వారాలో హాయిగా పాలు తాగిన బిడ్డ ఉన్నట్టుండి ఆకుపచ్చగా కక్కుతుంది. 'పొట్ట ఉబ్బలేదు కదా, విరేచనం అయ్యింది కదా' అని ఆగితే జరగాల్సిన నష్టం జరిగిపోతుంది. పొట్ట ఉబ్బి గట్టిపడటం, మలంలో రక్తం, బిడ్డ పాలిపోయి వాలిపోవడం.. ఇవన్నీ ఆలస్యంగా వచ్చే లక్షణాలు. వాటి కోసం ఎదురుచూడకూడదు.

గుర్తుపట్టాల్సిన 5 లక్షణాలు

1. ఆకుపచ్చ వాంతి: ఒక్కసారి అయినా సరే, వెంటనే ఆస్పత్రికి వెళ్లాలి.

2. మొదటి మలం రాకపోవడం: పుట్టగానే బిడ్డకు నల్లగా, జిగటగా మలం వస్తుంది. దీన్ని మెకోనియం అంటారు. నెలలు నిండిన పిల్లల్లో చాలా మందికి మొదటి 24 గంటల్లోనే అవుతుంది. 24 గంటలు దాటినా కాకపోతే డాక్టర్ చూడాలి, 48 గంటలు దాటితే కారణం వెతకాల్సిందే. ప్రసవమైన రోజే డిశ్చార్జ్ అయి ఇంటికి వచ్చేస్తే ఈ విషయం ఎవరి దృష్టికీ రాకుండా పోయే అవకాశం ఉంది.

3. పొట్ట ఉబ్బడం: పొట్ట బిగుసుకుని, చర్మం మెరుస్తూ, పేగుల వంకరలు పైకి కనిపిస్తుంటే అది గ్యాస్ కాదు.

4. మలద్వారం లేకపోవడం: కాన్పు గదిలోనే నర్సు చూడాల్సిన విషయం ఇది. ఆడపిల్లల్లో మలద్వారం సరైన చోట లేకపోయినా, జననాంగం దగ్గరి చిన్న రంధ్రం నుంచి మలం వస్తుంటుంది. దాంతో అంతా బాగానే ఉందనుకునే ప్రమాదం ఉంది. మగపిల్లల్లో కొందరికి మూత్రంలో మలం కలిసి ఆకుపచ్చగా వస్తుంది.

5. పాలు తాగకపోవడం, మగతగా ఉండటం, మూత్రం తగ్గడం, ఒళ్లు చల్లబడటం: ఇవి వాంతులతో కలిసి వస్తే బిడ్డ ఒంట్లో నీరు తగ్గిపోతోందని, ఇన్ఫెక్షన్ కూడా ఉండొచ్చని అర్థం.

పైన అడ్డమా.. కింద అడ్డమా?

అడ్డంకి ఎక్కడుందన్నది లక్షణాల వరసను బట్టి కొంత అంచనా వేయొచ్చు. పొట్టకు దగ్గరగా, పైభాగంలో అడ్డం ఉంటే వాంతులు త్వరగా మొదలవుతాయి, పొట్ట పెద్దగా ఉబ్బదు. కింది భాగంలో ఉంటే ముందు పొట్ట ఉబ్బుతుంది, వాంతులు ఒకటి రెండు రోజుల తర్వాత వస్తాయి. పొట్ట ఉబ్బితేనే పేగు సమస్య అనుకోవడం తప్పు అని చెప్పేది ఇందుకే.

కారణాలు ఏంటి?

డుయోడినల్ అట్రీషియా: చిన్నపేగు మొదటి భాగం తల్లి కడుపులో తెరుచుకోకుండానే ఉండిపోవడం. సుమారు 5 వేల నుంచి 10 వేల కాన్పుల్లో ఒకరికి ఇలా ఉంటుంది. వీరిలో దాదాపు మూడో వంతు మందికి డౌన్ సిండ్రోమ్ కూడా ఉంటుంది. కొందరికి గుండెలో లోపాలు ఉంటాయి కాబట్టి ఆపరేషన్‌కు ముందే గుండె స్కాన్ చేస్తారు.

చిన్నపేగు మధ్య, చివరి భాగాల్లో అట్రీషియా: గర్భంలోనే పేగులో ఒక ముక్కకు రక్తం అందక, అది ఎండి మూసుకుపోవడం వల్ల వస్తుంది. ఒకే చోట ఉండొచ్చు, నాలుగైదు చోట్ల కూడా ఉండొచ్చు.

పేగు మెలిక: పైన చెప్పుకున్నదే. ఏ వయసులోనైనా రావచ్చు కానీ బయటపడే కేసుల్లో సగానికి పైగా మొదటి నెలలోనే వస్తాయి.

హిర్ష్‌స్ప్రంగ్ వ్యాధి: పెద్దపేగు చివరి భాగంలో ఉండాల్సిన నరాల కణాలు లేకపోవడం. దారి తెరిచే ఉంటుంది కానీ ఆ భాగం కదలదు, మలాన్ని కిందికి తోయదు. దాదాపు 5 వేల మందిలో ఒకరికి వస్తుంది, మగపిల్లల్లో ఎక్కువ. డెన్మార్క్‌కు చెందిన పిల్లల డాక్టర్ హెరాల్డ్ హిర్ష్‌స్ప్రంగ్ 1886లో దీని గురించి వివరించడంతో ఆయన పేరే వచ్చింది.

మలద్వారం మూసుకుపోవడం: ఇది కూడా సుమారు 5 వేల మందిలో ఒకరికి ఉంటుంది.

మెకోనియం ఇలియస్: మొదటి మలం బంకలా గట్టిపడి పేగును మూసేయడం. సిస్టిక్ ఫైబ్రోసిస్ అనే జన్యు వ్యాధి ఉన్న పిల్లల్లో ఎక్కువగా కనిపిస్తుంది.

ఇవి కాకుండా గజ్జల్లో హెర్నియా ఇరుక్కుపోయినా పేగు మూసుకుపోతుంది. డైపర్ విప్పి గజ్జల్లో గట్టి వాపు ఉందేమో చూడాలి. నెలలు నిండకుండా పుట్టిన పిల్లల్లో పొట్ట ఉబ్బి, మలంలో రక్తం వస్తే అది ఎన్‌ఈసీ అనే పేగు వాపు కావొచ్చు. దానికి చాలాసార్లు ఆపరేషన్ లేకుండానే చికిత్స చేస్తారు. ఇక మూడు నుంచి ఆరు వారాల వయసులో, పాలు తాగిన ప్రతిసారీ దూరంగా చిమ్మినట్టు తెల్లగా వాంతి అవుతుంటే అది పొట్ట చివరి కండరం మందమవడం వల్ల కావొచ్చు. అందులో పసరు రంగు ఉండదు.

టిఫా స్కాన్‌లో తెలియదా?

ఐదో నెలలో చేసే టిఫా స్కాన్ బాగుందని చెప్పారు కదా, మళ్లీ ఇదేంటని చాలా మంది తల్లిదండ్రులు అడుగుతారు. పేగు అడ్డంకులు చాలా వరకు ఆ సమయానికి స్కాన్‌లో కనిపించవు. డుయోడినల్ అట్రీషియాలో రెండు బుడగల్లా కనిపించే గుర్తు సాధారణంగా ఆరో నెల తర్వాతే తెలుస్తుంది. ఉమ్మనీరు ఎక్కువగా ఉందని చెబితే మాత్రం దాన్ని తేలిగ్గా తీసుకోవద్దు. బిడ్డ మింగిన ఉమ్మనీరు కిందికి పోకపోవడం దానికి ఒక కారణం కావొచ్చు. అలాంటప్పుడు పిల్లల సర్జన్ ఉన్న ఆస్పత్రిలో కాన్పు ప్లాన్ చేసుకోవడం మంచిది. పేగు మెలిక, హిర్ష్‌స్ప్రంగ్ లాంటివి స్కాన్‌లో ముందే తెలియడం అరుదు.

ఇంట్లో ఇవి చేయొద్దు

విరేచనం కాలేదని తమలపాకు తొడిమను ఆముదంలో ముంచి మలద్వారంలో పెట్టడం మన దగ్గర పాత అలవాటు. ఇందులో రెండు ప్రమాదాలున్నాయి. ఒకటి, లేత పేగుకు గాయం కావొచ్చు. రెండోది ఇంకా పెద్దది.. హిర్ష్‌స్ప్రంగ్ ఉన్న బిడ్డకు ఇలా కదిలించగానే గాలితో పాటు మలం ఒక్కసారిగా చిమ్ముకొస్తుంది. పొట్ట తగ్గుతుంది, ఇంట్లోవాళ్లు హమ్మయ్య అనుకుంటారు. అసలు జబ్బు మాత్రం అలాగే ఉంటుంది. రోజూ ఇలా చేస్తేనే విరేచనం అవుతోందంటే అదే ఒక లక్షణమని గుర్తించాలి.

నోటి ద్వారా ఆముదం, వస, గ్రైప్ వాటర్, నాటు మందులు పోయొద్దు. దారి మూసుకున్న పేగులోకి ఏం పోసినా అది వాంతి రూపంలో వెనక్కి వచ్చి ఊపిరితిత్తుల్లోకి వెళ్లే ప్రమాదం ఉంది. పొట్ట మీద వాతలు పెట్టడం బిడ్డను ఇంకా బాధపెట్టి, ఇన్ఫెక్షన్ తెచ్చిపెట్టడమే. పైత్యం చేసిందని, దిష్టి తగిలిందని ఒక రాత్రి ఆగినా పేగు మెలిక పడిన బిడ్డకు అది చాలా ఎక్కువ సమయం.

ఆస్పత్రికి తీసుకెళ్లేటప్పుడు..

* ఆకుపచ్చ వాంతి అయ్యాక మళ్లీ పాలు పట్టొద్దు. అలాగని పాలు ఆపేసి ఇంట్లో చూస్తూ కూర్చోవద్దు. పాలు లేకపోతే పసిబిడ్డకు రక్తంలో చక్కెర త్వరగా పడిపోతుంది. ఆపిన వెంటనే బయల్దేరాలి.

* బిడ్డను ఒక పక్కకు తిప్పి ఎత్తుకోవాలి. నోట్లో వాంతి ఉంటే మెత్తని గుడ్డతో తుడవాలి.

* ఒళ్లు చల్లబడకుండా చూడాలి. తలకు టోపీ పెట్టి, తల్లి ఛాతీకి ఆనించుకుని దుప్పటి కప్పితే చాలు.

* స్కాన్ రిపోర్టులు, డిశ్చార్జ్ కాగితం, వాంతి గుడ్డ వెంట తీసుకెళ్లాలి. మొదటి మలం ఎప్పుడైంది, వాంతి ఎన్ని గంటలకు మొదలైంది, చివరిసారి మూత్రం ఎప్పుడు పోసింది అన్నవి రాసి పెట్టుకుంటే మంచిది.

దగ్గర్లో ఉన్న ఆస్పత్రిలో పిల్లల సర్జన్ లేకపోతే అక్కడే రోజుల తరబడి పరీక్షలు చేయించాల్సిన పని లేదు. అయితే పంపించే ముందు ముక్కు లేదా నోటి ద్వారా పొట్టలోకి ట్యూబ్ వేయించుకోవాలి, సెలైన్ పెట్టించాలి. ఈ రెండు పనులు చిన్న ఆస్పత్రిలోనూ చేయగలిగినవే. ట్యూబ్ లేకుండా పంపితే దారిలో వాంతి అయి ఊపిరి ఆడక బిడ్డ ప్రాణం మీదికి రావచ్చు. వెళ్లబోయే ఆస్పత్రికి ముందే ఫోన్ చేయమని డాక్టర్‌ను అడగాలి.

ఆస్పత్రిలో ఏం చేస్తారు?

ముందుగా బిడ్డను స్థిరపరుస్తారు. నోటి ద్వారా ఏమీ ఇవ్వరు. ట్యూబ్ ద్వారా పొట్టలోని పసరును, గాలిని బయటికి తీస్తుంటారు. సెలైన్, చక్కెర, లవణాలు రక్తనాళంలోకి ఎక్కిస్తారు. వార్మర్‌లో ఉంచుతారు, యాంటీబయాటిక్స్ మొదలుపెడతారు.

తర్వాత పొట్ట ఎక్స్‌రే తీస్తారు. డుయోడినల్ అట్రీషియాలో రెండు గాలి బుడగలు, వాటి కింద ఖాళీ కనిపిస్తాయి. కింది భాగంలో అడ్డం ఉంటే ఉబ్బిన పేగు చుట్లు చాలా కనిపిస్తాయి. పేగుకు చిల్లు పడితే బయట గాలి తెలుస్తుంది. మెలికలో మాత్రం ఎక్స్‌రే మామూలుగానే ఉండొచ్చు. కాబట్టి ఎక్స్‌రే బాగుందని ఆగకుండా, ట్యూబ్ ద్వారా కాంట్రాస్ట్ మందు పంపి పేగు ఏ దారిలో వెళ్తోందో చూస్తారు. అల్ట్రాసౌండ్‌లో రక్తనాళాలు సుడి తిరిగినట్టు కనిపించినా మెలికేనని తెలుస్తుంది. బిడ్డ పరిస్థితి బాగా దిగజారి ఉంటే ఈ పరీక్షల కోసం ఆగకుండా నేరుగా ఆపరేషన్ థియేటర్‌కు తీసుకెళ్తారు.

హిర్ష్‌స్ప్రంగ్ అనుమానం ఉంటే మలద్వారం లోపలి నుంచి చిన్న ముక్క తీసి బయాప్సీకి పంపుతారు. నరాల కణాలు ఉన్నాయా లేదా అన్నది దాంతోనే ఖాయమవుతుంది.

ఏ జబ్బుకు ఏ ఆపరేషన్?

పేగు మెలికకు చేసేది లాడ్స్ ఆపరేషన్. అమెరికాలోని బోస్టన్‌కు చెందిన సర్జన్ విలియం లాడ్ 1936లో వివరించిన పద్ధతే ఇప్పటికీ ఆధారం. మెలిక విప్పుతారు, పేగును నొక్కుతున్న పొరలను కత్తిరిస్తారు, మళ్లీ మెలిక పడకుండా పేగుల కాడను వెడల్పు చేసి సర్దుతారు. పేగు రంగు అనుమానంగా ఉంటే ఎక్కువ భాగం కోసేయకుండా, ఒకటి రెండు రోజులు ఆగి మళ్లీ తెరిచి చూస్తారు.

అట్రీషియాలో మూసుకున్న భాగాన్ని దాటించి పైపేగును కిందిపేగుకు కలిపి కుడతారు. ఇది నిమిషాల మీద చేయాల్సింది కాదు. మెలిక లేదని తేలాక బిడ్డను స్థిరపరిచి, గుండె పరీక్ష చేసి, ఒకటి రెండు రోజుల్లో చేస్తారు. ఒక బిడ్డను అర్ధరాత్రి థియేటర్‌కు తీసుకెళ్లి, మరో బిడ్డకు రేపు చేద్దామంటే దానికి కారణం ఇదే.

మలద్వారం లేని పిల్లల్లో కూడా డాక్టర్లు కొన్నిసార్లు 24 గంటలు ఆగి చూస్తారు. గాలి పేగు చివరి వరకు దిగాకే లోపం ఎంత దూరంలో ఉందో తెలుస్తుంది. దగ్గర్లో ఉంటే ఒకే ఆపరేషన్‌తో సరిపోతుంది. దూరంగా ఉంటే ముందు పొట్ట మీద మలం బయటికి వచ్చే దారి పెడతారు. కొన్ని నెలల తర్వాత మలద్వారం చేసి, ఆ తర్వాత పొట్ట మీది దారిని మూసేస్తారు.

హిర్ష్‌స్ప్రంగ్‌లో నరాలు లేని భాగాన్ని తీసేసి, మంచి పేగును కిందికి లాగి కలుపుతారు. మెకోనియం ఇలియస్‌లో కొందరికి కాంట్రాస్ట్ ఎనిమాతోనే బంక కరిగి బయటికి వచ్చేస్తుంది.

ఆపరేషన్ తర్వాత..

పేగు వెంటనే పనిచేయదు. రోజులు, కొన్నిసార్లు వారాల పాటు రక్తనాళం ద్వారానే పోషకాలు ఇస్తారు. ఈ సమయంలో తల్లి పాలు ఇంకిపోకుండా రోజుకు ఎనిమిది సార్లయినా పిండి తీయాలి. పేగు కోలుకోగానే మొదట ఇచ్చేది ఆ పాలే. కాన్పు అయి రెండు రోజులు కాని తల్లిని ఇంటి దగ్గరే ఉంచి బిడ్డను మాత్రమే పెద్దాస్పత్రికి తీసుకెళ్తుంటారు. వీలైనంత త్వరగా తల్లినీ బిడ్డ దగ్గరికి చేర్చాలి.

పేగులో ఎక్కువ భాగం మిగిలిన పిల్లలు తర్వాత మామూలు పిల్లల్లాగే తింటారు, ఎదుగుతారు. మంచి వసతులున్న చోట డుయోడినల్ అట్రీషియా పిల్లల్లో పదిలో తొమ్మిది మందికి పైగా బతుకుతున్నారు. అయితే పొట్ట ఆపరేషన్ అయిన ఏ బిడ్డకైనా ఎన్నేళ్ల తర్వాతైనా లోపలి అతుకుల వల్ల మళ్లీ అడ్డం రావచ్చు. మళ్లీ ఆకుపచ్చ వాంతి కనిపిస్తే ఆపరేషన్ కాగితాలతో వెంటనే వెళ్లాలి. హిర్ష్‌స్ప్రంగ్ పిల్లల్లో ఆపరేషన్ అయ్యాక కూడా జ్వరం, పొట్ట ఉబ్బరం, దుర్వాసనతో నీళ్ల విరేచనాలు వస్తే మామూలు విరేచనాలని వదిలేయొద్దు.

ఖర్చు, ప్రభుత్వ సాయం

ఉమ్మడి ఆంధ్రప్రదేశ్‌లో 2007లో మొదలైన ఆరోగ్యశ్రీ చికిత్సల జాబితాలో పేగు అట్రీషియా, హిర్ష్‌స్ప్రంగ్, మలద్వార లోపాల ఆపరేషన్లు పిల్లల సర్జరీ విభాగంలో ఉన్నాయి. ఏపీలో ఈ పథకం ఇప్పుడు ఎన్టీఆర్ వైద్య సేవ పేరుతో నడుస్తోంది. బిడ్డకు ఇంకా పేరు పెట్టలేదని, కార్డు లేదని ఆగిపోవద్దు. తల్లిదండ్రుల కార్డు, ఆధార్, బిడ్డ పుట్టిన ఆస్పత్రి కాగితాలతో అక్కడి ఆరోగ్యమిత్రను కలవాలి. జననీ శిశు సురక్ష కార్యక్రమం కింద ప్రభుత్వ ఆస్పత్రుల్లో ఏడాదిలోపు పిల్లలకు చికిత్స, ఒక ఆస్పత్రి నుంచి మరో ఆస్పత్రికి తరలింపు ఉచితం. అత్యవసరమైతే 108కి ఫోన్ చేయాలి. హైదరాబాద్ నిలోఫర్, విశాఖ కేజీహెచ్, గుంటూరు జీజీహెచ్ లాంటి ప్రభుత్వ ఆస్పత్రుల్లో పిల్లల సర్జరీ విభాగాలు ఉన్నాయి.

ఈ జబ్బుల్లో చాలా వాటిని ముందే ఆపలేం. తల్లి తిన్నదాని వల్లో, చేసిన పని వల్లో వచ్చేవి కావివి. ఆమెను తప్పుపట్టడంలో అర్థం లేదు. ఇంట్లోవాళ్ల చేతిలో ఉన్నది ఒక్కటే.. చూసిన రంగును సరిగ్గా చెప్పడం, చూసిన వెంటనే బయల్దేరడం. ఇంటికి వచ్చిన బాలింతకు ఇచ్చే జాగ్రత్తల్లో ఈ ఒక్క మాట కూడా చేర్చండి: పాలు తెల్లగా కక్కితే తుడవండి.. ఆకుపచ్చగా కక్కితే ఆస్పత్రికి పరిగెత్తండి.